కాలరమ్మ నిమిషం

ఆ స్టేషన్లో బండి ఆగడం మానేసి చాలా ఏళ్లయింది. ఆగడానికి బండీ రాదు, రావడానికి పట్టాలూ లేవు. వంపు తీసేసి లైను తిన్నగా వేసినప్పుడు పాత పట్టాలు పీక్కుపోయారు. మిగిలింది కంకర, కంకరలో మొలిచిన పిచ్చిమొక్కలు, ఒక పొట్టి ప్లాట్‌ఫారం, టికెట్ కిటికీ ఉన్న చిన్నగది, దాని పక్కన వెయిటింగ్ హాలు. కొంచెం అవతల కొత్త స్టేషన్ కట్టారు. దానికి కదిలే మెట్లున్నాయి, వెలిగే బోర్డులున్నాయి, నీళ్ల కుళాయిలోంచి నిజంగా నీళ్లొస్తాయి. అయినా ఆ పేటలో ఎవరైనా "స్టేషన్ దగ్గర" అంటే పాతదే. కొత్తదాన్ని "కొత్తది" అంటారు, ఇంకా ఎవరితోనూ మాట కలపని కోడలి గురించి చెప్పినట్టు.

పాతదాని పుట్టుక కూడా ఏమంత ఘనమైంది కాదు. మొదట అది స్టేషనే కాదు, ఇటుకబట్టీల వాళ్లు సరుకు ఎక్కించుకునే చోటు. మట్టి తవ్విన గుంతల్ని తప్పించుకుంటూ లైను వేసినవాడు దాన్ని వంకర తిప్పాడు. ఆ వంకర మీదే బండి ఆగేది. తర్వాత బట్టీలు పోయి ఇళ్లొచ్చాయి, ఇళ్లలోకి జనం వచ్చారు, జనానికి పొద్దున్నే ఫ్యాక్టరీలకు వెళ్లాల్సిన అవసరం వచ్చింది. రైల్వేవాళ్లు ఇటుకల కోసం కట్టిన అరుగే మనుషులకీ చాలనుకున్నారు. ఇటుకలు ఎప్పుడూ ఫిర్యాదు చెయ్యలేదు మరి. బండి గుమ్మం నడుమెత్తున ఉండేది. మగాళ్లు కడ్డీ పట్టుకుని ఎగబాకేవాళ్లు. చంకలో బిడ్డ ఉన్న ఆడమనిషి ఎలా ఎక్కాలో ఆలోచించే ఇంజనీరు ఆ రోజుల్లో ఇంకా పుట్టలేదు.

అందుకని ఆడవాళ్లే ఒక పద్ధతి కనిపెట్టుకున్నారు. అప్పట్లో ఆ పెట్టెల కిటికీలకి ఊచలుండేవి కావు. బండి ఆగీ ఆగకముందే ఆడవాళ్ల పెట్టె కిటికీల్లోంచి చేతులు బయటికొచ్చేవి. "బిడ్డనిటివ్వు!" తల్లి ఇచ్చేసేది. రెండు చేతులూ ఖాళీ అయ్యాక కడ్డీ పట్టుకుని ఎక్కి, లోపలికెళ్లి, ఎవరి ఒళ్లో ఉందో వెతుక్కునేది. ఎవరి బిడ్డ ఎవరి ఒళ్లో ఉన్నా అడిగేవాళ్లు లేరు. ఎవరూ నేర్పని పద్ధతి, ఎవరూ కాదనని పద్ధతి.

అలా కిటికీలోంచి లోపలికెళ్లిన పసివాళ్లలో ఒకతె మన పళ్లమ్మాయి. పళ్లంటే బుట్టలో పెట్టి అమ్మేవి కాదు, కట్టుడుపళ్లు. పళ్ల డాక్టరు దగ్గర వెనకగదిలో కూర్చుని, మైనంలో అచ్చు దిద్ది, ఒక్కో పన్నూ అరగదీసి, చిగుళ్ల రంగు కలిపి, ఎవరి నోటికి తగ్గట్టు వాళ్లకి కూర్చే పని ఆమెది. డాక్టరు పీకడంలో ఘనుడు. పెట్టే పనంతా ఆమెదే. ఊళ్లో పెద్దవాళ్ల నవ్వుల్లో సగం ఆమె చేతి మీదుగా వచ్చినవే. ఆ పనంటే ఆమెకి ప్రాణం. పళ్లు పెట్టించుకున్న ముసలాయన మొదటిసారి అద్దంలో చూసుకుని పెళ్లికొడుకులా సిగ్గుపడుతుంటే, తలుపు సందులోంచి దొంగచాటుగా చూసి మురిసిపోయేది.

ఇప్పుడా పనికే ముప్పొచ్చింది. బిడ్డ పుట్టినప్పుడు తీసుకున్న సెలవు అయిపోయింది. సోమవారం రాకపోతే ఆ కుర్చీలో ఇంకొకరిని కూర్చోబెడతానని డాక్టరు చెప్పేశాడు. చెడ్డవాడేం కాదు, ఇప్పటికే రెండుసార్లు గడువు పెంచాడు. బోసినోళ్లతో జనం బెంచీ మీద ఎదురుచూస్తుంటే ఆయన మాత్రం ఎంతకని ఆగుతాడు? భర్త సిటీబస్సు డ్రైవరు, తెల్లారకముందే ఇల్లు కదలాలి. ఇక ఇంట్లో ఉన్నది అమ్మ.

అమ్మ ఉంది కదా, ఇంకేం బాధ అంటారా? అందరూ అదే అన్నారు. సంకలో పిల్లని పెట్టుకుని ఊరంతా వెతికిన సామెతలా ఉందే నీ పని, అని పక్కింటావిడ వేళాకోళం కూడా చేసింది. పక్కింటావిడకేం తెలుసు! అమ్మ పాప గుడ్డలు ఉతుకుతుంది, పాప గిన్నెలు మరగబెడుతుంది, పాప పక్కన చాప మీద కూర్చుని గొంతు పోయేదాకా జోలపాడుతుంది. పాపని ఎత్తుకోదు. పాప ఏడిస్తే "ఏమే, లేచిందే, రా!" అని కూతుర్ని కేకేస్తుంది తప్ప తను చెయ్యి చాపదు. ఆసుపత్రిలో నర్సు మొదటిసారి పాపని తెచ్చి అందించబోతే రెండు చేతులూ వెనక్కి దాచేసుకుంది. నర్సు నివ్వెరపోయింది.

"నా చేతుల మీద నాకు నమ్మకం లేదమ్మా," అంది అమ్మ.

పోనీ బయట ఎవరి దగ్గరైనా వదులుదామంటే అదీ పడనివ్వదు. "ముక్కూమొహం తెలీనివాళ్ల చేతిలో పెడతావా?" అని కన్నీళ్లు పెట్టుకుంటుంది. అమ్మా పెట్టదు, అడుక్కు తిననివ్వదు అంటే ఇదే. పళ్లమ్మాయికి కోపమూ వచ్చేది, జాలీ వేసేది, ఒకదాని వెనక ఒకటి.

అసలేం జరిగిందో ఆమెకి ముక్కలుగానే తెలుసు. తను చేతిపిల్లగా ఉన్నప్పుడు అమ్మ చొక్కాల ఫ్యాక్టరీలో పనిచేసేది. అక్కడ పసిపిల్లలకి ఒక గది ఉండేది కాబట్టి బిడ్డనీ వెంట తీసుకెళ్లేది. ఒక పొద్దున బండి వచ్చింది, కిటికీలోంచి చేతులొచ్చాయి, అమ్మ బిడ్డనిచ్చింది. ఇచ్చి కడ్డీ పట్టుకునేలోగా బండి కదిలింది. అమ్మ ప్లాట్‌ఫారం చివరిదాకా పరిగెత్తి పడిపోయింది. మోకాలి మీద ఆ మచ్చ ఇప్పటికీ ఉంది. మధ్యాహ్నం తిరుగుబండిలో బిడ్డ క్షేమంగా వచ్చింది. అంతే కథ. వినేవాళ్లకి సుఖాంతమే.

కానీ ఆ సాయంత్రం నాన్న ఒక మాట అన్నాడు. "చేతిలో బిడ్డని కూడా పట్టుకోలేకపోయావా?" అని. భయంలో అన్నాడు, మనసులో ఏమీ లేదు. అయినా కాలు జారితే తీసుకోవచ్చు గానీ నోరు జారితే తీసుకోలేం. తీసుకోవాలని ఆయన బతికినంతకాలం తంటాలు పడ్డాడు. ఆ వారమే రైలుకూత వినపడని పేటకి ఇల్లు మార్చాడు. భార్య ఇక పనికెళ్లనంటే సరేనని కుట్టుమిషను ఇంటికే తెచ్చిపెట్టాడు. పోయేముందు కూడా "ఆ రోజు అన్న మాట మర్చిపోవే" అన్నాడు. మర్చిపోయానంది అమ్మ. మర్చిపోలేదు.

ఆ గురువారం డ్రైవరు మొగుడు భోజనం దగ్గర ఒక కబురు చెప్పాడు. పాత స్టేషన్ వెయిటింగ్ హాల్లో డేకేర్ నడుపుతున్నారట. ఆ పేటలో పెద్దవాళ్లైన ఆడవాళ్లంతా కలిసి రైల్వేవాళ్లని పీడించి ఆ హాలు తీసుకున్నారట. పిల్లల్ని బాగా చూస్తారని బస్సులో ఎవరో చెప్పుకుంటుంటే విన్నాడు. అమ్మ లోపల ఉందని గొంతు తగ్గించి చెప్పాడు. పళ్లమ్మాయి గిన్నెలు కడిగి, "ఇప్పుడే వస్తానమ్మా" అని, ఎక్కడికో చెప్పకుండా పాపని చంకనేసుకుని బస్సెక్కింది.

హాలు చూడగానే ఆమెకి నచ్చింది. ప్రయాణికుల పొడుగు బెంచీల కాళ్లు కోసేసి పిల్లల ఎత్తుకి తెచ్చారు. టికెట్ కిటికీలోంచి ఇప్పుడు పాలగ్లాసులు అందిస్తున్నారు. సామాన్లు తూచే పాత కాటా మీద ఒక బుడ్డోడిని కూర్చోబెట్టి తూస్తున్నారు. వాడు దిగనని మారాం చేస్తున్నాడు. ప్లాట్‌ఫారం అంచున కట్టిన కంచె మీద చిన్న చిన్న లాగులు ఆరుతున్నాయి.

గుమ్మంలో ఒక పొడుగాటి ఆవిడ ఎదురొచ్చింది. గొంతు వింటే బండికి కూత అక్కర్లేదనిపిస్తుంది. బిస్కెట్ ఫ్యాక్టరీలో ప్యాకింగ్ చేసి రిటైరైన మనిషి. అందరూ ఆవిణ్ణి ప్రెసిడెంటు అంటారు, ఎవరూ ఓటెయ్యలేదు. ఆవిడ పాపని ఒక చూపు చూసి, "చొంగ కారుస్తోంది, పళ్లొస్తున్నాయి," అంది. ఆ విషయంలో మాత్రం పళ్లమ్మాయికి ఒకరు చెప్పక్కర్లేదు, అయినా తలూపింది.

"ఎవరమ్మాయివి నువ్వు?"

"మీకు తెలియదులెండి. మాది ఈ పేట కాదు. మా అమ్మ మాత్రం ఒకప్పుడు ఈ స్టేషన్ నుంచే చొక్కాల ఫ్యాక్టరీకి వెళ్లేదట. కాలర్లు కుట్టేది."

ప్రెసిడెంటు నోరు తెరిచింది తెరిచినట్టే ఉండిపోయింది. తర్వాత వెనక్కి తిరిగి, "ఒసే, ఇటు రండే! కాలరమ్మ కూతురు!" అని అరిచింది. కాటా మీద బుడ్డోడు ఆ అరుపుకి తనంతట తనే దిగిపోయాడు.

లోపలినుంచి ఇంకో ఇద్దరొచ్చారు. ఒకావిడ దళసరి కళ్లద్దాలావిడ, టెలిఫోన్ ఆఫీసులో పనిచేసిన పిన్ని. ఇంకొకావిడ ఆసుపత్రి లాండ్రీలో దుప్పట్లు ఉతికి ఉతికి చేతులు తెల్లగా పాలిపోయిన పెద్దమ్మ. ముగ్గురూ పళ్లమ్మాయిని కాళ్ల నుంచి తలదాకా చూశారు.

"కిటికీలోంచి వచ్చిన పిల్లవి నువ్వేనా?" అంది ప్రెసిడెంటు. "నిన్ను ఎత్తుకున్నది నేనే."

"నువ్వెక్కడ ఎత్తుకున్నావు? ఎత్తుకున్నది నేను," అంది టెలిఫోన్ పిన్ని. "నా భుజం మీద కక్కింది కూడా. కొత్త జాకెట్టు."

"మీరిద్దరూ కాసేపు పట్టుకున్నారు. ఎత్తుకున్నది నేను," అంది లాండ్రీ పెద్దమ్మ.

జరిగిన సంగతికి సాక్షులు ఏటేటా పెరుగుతారని పళ్లమ్మాయికి తెలుసు. లోలోపల నవ్వుకుంది. కానీ పెద్దవాళ్లు ముగ్గురూ వాదించుకుంటూ, ఒకరి నోట్లోంచి ఒకరు మాట లాక్కుంటూ చెప్పుకొచ్చాక తెలిసిందేమిటంటే, ముగ్గురిదీ నిజమే.

"బిడ్డనిటివ్వు అన్నది నేను, మీ అమ్మ ఇచ్చింది నాకు," అంది ప్రెసిడెంటు. "బండి కదిలింది. గొలుసు లాగాలని పెట్టెలో ఒక్కదానికీ తోచలేదమ్మా! అందరి కళ్లూ నీ మీదే. ఎండ తగులుతోందని ఒకతె, టోపీ జారుతోందని ఇంకొకతె. పక్క స్టేషన్ వచ్చింది. ఇక్కడి స్టేషన్ మాస్టరు ఫోను చేసి చెప్పాడట, అక్కడి మనిషొకడు పరిగెత్తుకొచ్చాడు, బిడ్డనివ్వండి అని."

"ఇచ్చారా?"

"ఎందుకిస్తాం? తెల్లబట్టలేసుకున్న ప్రతివాడికీ బిడ్డనిచ్చేస్తామా? వాడెవడో మాకేం తెలుసు? తల్లి వస్తే ఇస్తామన్నాం. లోపలికి రాబోయాడు. ఆడవాళ్ల పెట్టెలో కాలు పెడితే పోలీసుల్ని పిలుస్తామన్నాం. ఆ పై స్టేషన్లో ఇంకొకడొచ్చాడు, టోపీ పెట్టుకుని. టోపీ చూసి ఇచ్చేస్తామనుకున్నాడు కాబోలు."

ప్రతి స్టేషన్లోనూ అదే తంతు. అటువైపు రైల్వే వాళ్లు బతిమాలడం, ఇటువైపు వీళ్లు తాము పట్టిన కుందేలుకి మూడే కాళ్లని కూర్చోవడం. ఎవరి ఫ్యాక్టరీ వస్తే వాళ్లు దిగాలి కదా. ప్రెసిడెంటు దిగుతూ బిడ్డని టెలిఫోన్ పిన్నికిచ్చి, "తల్లికి తప్ప దేవుడు దిగివచ్చినా ఇవ్వకు" అంది. పిన్ని దిగుతూ అదే ఒట్టు పెట్టించి ఇంకొకావిడకిచ్చింది. అలా చేతులు మారి మారి లైను చివర లాండ్రీ పెద్దమ్మ ఒడికి చేరింది. ఆవిడ బిడ్డని దుప్పటి మూటల మధ్య పడుకోబెట్టుకుని, పని మధ్యలోనే సెలవడిగి, తిరుగుబండి ఎక్కించి తెచ్చింది.

ఇంతదాకా నవ్వుతూ చెప్పినవాళ్లు ఇక్కడ చల్లబడ్డారు.

"ఆ మొదటి స్టేషన్లోనే ఇచ్చేసుంటే, మీ అమ్మకి క్షణాల మీద చేరేదానివి," అంది టెలిఫోన్ పిన్ని. "కాపాడుతున్నామనుకున్నాం. మా మొండితనంతో కన్నతల్లిని మధ్యాహ్నం దాకా ప్రాణాలతో చంపాం. తిలా పాపం తలా పిడికెడు."

"నేను తెచ్చి చేతిలో పెడితే నా మొహం కూడా చూడలేదు," అంది లాండ్రీ పెద్దమ్మ. "నిన్ను లాక్కుంది, వెళ్లిపోయింది. ఒక్క మాట లేదు. మళ్లీ ఆ బండి ఎక్కలేదు. ఇల్లు కనుక్కుని వెళితే ఖాళీ చేసి వెళ్లిపోయారన్నారు. అంత కోపం వచ్చింది మా మీద. రాదూ మరి?"

ప్రెసిడెంటు గొంతు మొదటిసారి తగ్గింది. "ఇప్పటికైనా తగ్గిందా అమ్మా, కోపం?"

 ఆ స్టేషన్ పేరు చెబితే అమ్మ చేతులు వెనక్కి వెళ్లడం పళ్లమ్మాయి చూసింది గానీ, ఆ ఆడవాళ్ల గురించి అమ్మ ఒక్కసారి కూడా, మంచిగా గానీ చెడ్డగా గానీ, మాట్లాడటం వినలేదు. కోపమేనేమో. ముగ్గురు ముసలివాళ్లు తప్పుచేసిన బడిపిల్లల్లా ఎదురుగా నిలబడి ఉంటే, కోపం లేదని అబద్ధమాడటానికీ నోరు రాలేదు. "అడిగి చెబుతానండి," అంది.

ఇంటికొచ్చేసరికి అమ్మ దిండుగలీబులకి అంచు కుడుతోంది. పళ్లమ్మాయి పాపని పడుకోబెట్టి, దాచకుండా అంతా చెప్పేసింది. స్టేషన్ మాట వినగానే అమ్మ మిషను ఆపేసింది.

"అక్కడికా? పాపని తీసుకునా? నాకు మాట మాత్రం చెప్పకుండానా?"

"తిట్టుదువుగానీ, ముందు ఇది చెప్పు. వాళ్ల మీద నీకు ఇంకా కోపమేనా? ఇన్నేళ్లూ వాళ్లు అదే అనుకుంటున్నారు."

"ఎవరికి కోపం?"

"నీకు. ఒక్క మాట మాట్లాడకుండా వెళ్లిపోయావట కదా."

అమ్మ కూతురి వైపు వెర్రిదానిలా చూసింది. "నాకు కోపమా? వాళ్ల మీదా?" అంది. మళ్లీ అంది. తర్వాత చేతిలోని గుడ్డ మొహానికి అడ్డం పెట్టుకుని వెక్కి వెక్కి ఏడ్చింది.

"ఏ నోటితో మాట్లాడనే? నోరు పెగిలితే కదా! బిడ్డ కనపడింది, పట్టుకున్నాను, మళ్లీ ఎవరైనా తీసుకుపోతారేమోనని పరిగెత్తాను. ఇంటికొచ్చాక గుర్తొచ్చింది, తెచ్చిచ్చిన మనిషికి దండమైనా పెట్టలేదని. రేపు వెళ్దాం అనుకున్నాను. బిడ్డని వదిలేసిన దాన్ని, ఏ మొహం పెట్టుకుని వెళ్లను? రేపు, రేపు అంటూ ఇన్నేళ్లు గడిపాను. నా బిడ్డని కాపాడినవాళ్లు నాకు కోపమనుకుని బతికారా? ఎంత పాపం! పద."

"ఇప్పుడు మూసేస్తారమ్మా."

"అయితే పొద్దున్నే పద."

 పొద్దున్నే అందరికంటే ముందు తయారై గుమ్మంలో నిలబడింది. బస్సులో, పాపనెత్తుకున్న కూతురి పక్కన కూర్చుని, చేతులు రెండూ ఒళ్లో గట్టిగా మడుచుకుని, కిటికీలోంచి బయటికి చూస్తూనే ఉంది.

బస్సు దిగి వస్తున్నవాళ్లని దూరం నుంచే చూసి, స్టేషన్లో ముగ్గురూ వరసగా నిలబడ్డారు, పై అధికారి తనిఖీకి వస్తున్నట్టు. అమ్మ ప్లాట్‌ఫారం ఎక్కింది. ఒకసారి చివరిదాకా చూసింది, తను పడిపోయిన వైపు. వాళ్ల దగ్గరికొచ్చి ఏదో అనబోయింది.  వంగి వాళ్ల కాళ్లు పట్టుకోబోతే ప్రెసిడెంటు ఒక్క అంగలో వచ్చి భుజాలు పట్టి లేపింది.

"ఏంటమ్మా ఇది! మేం నీ కాళ్లు పట్టుకోవాల్సింది!"

"మీరు లేకపోతే నా బిడ్డేది?" అంది అమ్మ. "ఆ రోజు చెప్పాల్సింది. నోరు రాలేదు. కోపం కాదమ్మా. నా ఒట్టు, ఏనాడూ కోపం లేదు. ఏ పూట తలుచుకున్నా దండం పెట్టుకున్నాను."

ఆ తర్వాత నలుగురూ ఒకేసారి మాట్లాడారు, నలుగురూ ఒకేసారి ఏడ్చారు. ఏ మాట ఎవరిదో పళ్లమ్మాయికి తెలియలేదు, తెలుసుకోవాల్సిన అవసరమూ కనపడలేదు. చంటిపిల్లలు ఆటలాపి వింతగా చూశారు. పెద్దవాళ్లు కూడా ఏడుస్తారని వాళ్లకి అప్పుడే తెలిసినట్టుంది.

లోపల పొట్టి బెంచీల మీద మోకాళ్లు గడ్డానికి తగిలేలా కూర్చున్నాక, ప్రెసిడెంటుకి గొంతు తిరిగొచ్చింది. "ఇంకో సంగతి ఉంది, కాలరమ్మా. నీకు తెలియదు. ఆ మర్నాడు గార్డు మా పెట్టె దగ్గరికొచ్చాడు. వంపు మీద ఆడవాళ్ల పెట్టె తనకి కనపడదని, అందుకే జెండా ఊపేశానని, చేతులు జోడించాడు. ఏం చెయ్యమంటారని అడిగాడు. మేం ఒకటే అన్నాం. తల్లులందరూ ఎక్కాక మా పెట్టె గుమ్మంలోంచి నేను చెయ్యి ఊపుతాను. అది పక్క పెట్టెలవాళ్లు చూసి, ఒకరి తర్వాత ఒకరు చెయ్యి ఊపి నీకు అందిస్తారు. అప్పటిదాకా జెండా ఎత్తకు. సరేనన్నాడు. ఏ రూల్లోనూ లేదది. అయినా ఆ రోజు నుంచి స్టేషన్ మూసేదాకా ఒక్కరోజు తప్పలేదు."

"దానికి పేరుండేది," అంది టెలిఫోన్ పిన్ని. "కాలరమ్మ నిమిషం."

అమ్మకి అర్థం కాలేదు. "ఎవరి పేరు?"

"నీ పేరే! గార్డు మారితే కొత్తవాడికి జెండా, ఈల, లాంతరుతో పాటు అదీ అప్పజెప్పేవాళ్లు. ఫలానా స్టేషన్లో కాలరమ్మ నిమిషం ఇవ్వాలి, మర్చిపోకు, అని. ఒక కుర్రగార్డు కాలరమ్మ అంటే పెద్ద ఆఫీసరనుకుని, ఆవిణ్ణి ఒకసారి చూడాలండీ అన్నాడు. ఆ వంపు మీద మళ్లీ ఒక్క బిడ్డ కూడా తల్లిని విడిచి పోలేదు. నీ పేరు చెప్పుకుని ఎంతమంది తల్లులు బండెక్కారో!"

అమ్మ మొదట నవ్వింది. నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుని, చిన్నపిల్లలా. తన పేరు ఒకటి ఇన్నేళ్లు తను లేకుండా మంచిపని చేస్తూ తిరిగిందంటే నమ్మడం కష్టమే. అమ్మ అలా నవ్వగా ఎప్పుడు చూసిందో పళ్లమ్మాయి గుర్తు తెచ్చుకోవాలని చూసింది. గుర్తు రాలేదు. ఈ ముగ్గురికీ ఏమిచ్చి రుణం తీర్చుకోవాలి అనుకుంది, ఎంత వెతికినా ఏమీ తోచలేదు. ఊరికే వాళ్లని చూస్తూ కూర్చుంది.

నవ్వు తగ్గాక అమ్మ కాసేపు నేలకేసి చూసింది. లాండ్రీ పెద్దమ్మ ఒళ్లో పాప నిద్రపోతోంది. అమ్మ పాపని చూస్తూ అడిగింది.

"ఏడ్చిందా?"

ఇన్నేళ్లుగా లోపల పెట్టుకున్న ప్రశ్న ఇదొక్కటేనని ఆ గొంతు వింటే ఎవరికైనా తెలుస్తుంది.

"అబ్బే," అంది ప్రెసిడెంటు వెంటనే. "ఎంచక్కా ఆడుకుంది."

"నవ్వుతూనే ఉంది," అంది టెలిఫోన్ పిన్ని.

"ఏడవక ఏం చేస్తుంది?" అంది లాండ్రీ పెద్దమ్మ. "ఏడ్చింది. ఆకలికి గుక్కపట్టి ఏడ్చింది. వీళ్లు నీ మనసు నొచ్చుకుంటుందని అలా అంటున్నారు."

ప్రెసిడెంటు కొరకొరా చూసింది. పెద్దమ్మ లెక్కచెయ్యలేదు, కానీ మాట కొంచెం తడబడింది.

"నాకప్పుడు పాలు తాగే పిల్లాడుండేవాడు. మూటల వెనక కూర్చుని నీ బిడ్డకి నేనే పాలిచ్చాను. కడుపునిండా తాగి నిద్రపోయింది. నిద్రలోనే తెచ్చి నీకిచ్చాను. నిన్నడక్కుండా నా పాలు పట్టినందుకు ఏమనుకుంటావోనని, అప్పుడు నేనూ నోరు విప్పలేదు. తర్వాత నీ కోపం అందుకేనేమోనని వీళ్లకి కూడా చెప్పలేదు."

 అమ్మ లేచి వెళ్లి పెద్దమ్మ ముందు నేల మీద కూర్చుంది.

"ఆకలితో లేదన్నమాట," అంది. "నేను ముద్ద నోట్లో పెట్టుకున్నప్పుడల్లా అనుకునేదాన్ని, ఆ పూట నా బిడ్డ ఎంతసేపు ఆకలితో ఏడ్చిందో అని. ఒక్కరోజు కూడా తృప్తిగా తినలేదక్కా. కడుపు నిండిందా దానికి? నీ కడుపు చల్లగా ఉండాలి. నీ బిడ్డలు చల్లగా ఉండాలి."

 తను ఒకరి పాలు కాదు, ఇద్దరి పాలు తాగి బతికిందని పళ్లమ్మాయికి ఆ క్షణంలోనే తెలిసింది. పెద్దమ్మ పాలిపోయిన చేతుల్ని చూస్తే దండం పెట్టాలనిపించింది. పెట్టింది కూడా, ఎవరూ చూడకపోయినా.

పెద్దమ్మ కళ్లూ ముక్కూ ఏకధారగా కారుతున్నాయి. చెయ్యి ఖాళీ లేదు. "ఇదిగో, కాస్త పట్టుకో, ముక్కు చీదుకోవాలి," అని పాపని ఎదురుగా ఉన్న మనిషికి అందించి, లేచి బయటికెళ్లిపోయింది.

ఎదురుగా ఉన్నది అమ్మ. అందుకుంది.

పళ్లమ్మాయి లేవబోయి ఆగింది. ప్రెసిడెంటుకి ఏం తెలుసో ఏమో గానీ ఆవిడ కూడా నోరు మూసుకుంది. పాప కదిలింది, మూలిగింది, అమ్మ దాన్ని భుజం మీదికి మార్చుకుని, మెడ వెనక చెయ్యి పెట్టి, వీపు నిమరడం మొదలుపెట్టింది. మర్చిపోయిన పని చేస్తున్నట్టు లేదు. నిన్ననే ఆపిన పనిలా ఉంది.

"అప్పుడు నువ్వింత బరువు లేవే," అంది కూతురితో, పాప మీదనుంచి చూపు తిప్పకుండా. తర్వాత, "సోమవారం ఎన్నింటికి వెళ్లాలే నువ్వు?" అంది.